మణికట్టు నుంచి గుండె దాకా: దారిలో మెలికలు



గుండెనొప్పి వచ్చినవాళ్లకు చేసే యాంజియోగ్రామ్, స్టెంట్ చికిత్సల గురించి ఈరోజు మాట్లాడుకుందాం. అందులోనూ ఒక్క సంగతి మీదనే నిలబడదాం. మణికట్టు దగ్గరి నాళంలో నుంచి గుండె దాకా పోయే దారి ఎట్లా ఉంటుంది, ఆ దారిలో ఎదురయ్యే మెలికలేమిటి, వాటిని ఎట్లా దాటుతారు అన్నదే ఆ సంగతి.

జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి జిల్లాల నుంచి వచ్చే పేషెంట్ల ఇంటివాళ్లు తరచుగా అడిగే ప్రశ్న ఒకటుంది. "చేతి నుంచి చేస్తమన్నరు గదా సార్, మళ్ల తొడ నుంచి ఎందుకు చేసిండ్రు? ఏమన్న తేడా వచ్చిందా?" అని. ఆ ప్రశ్నలో భయం ఉంటుంది, కొంత అనుమానమూ ఉంటుంది. రెండూ న్యాయమైనవే. యాంజియోగ్రామ్ చేసే క్యాథ్ ల్యాబ్ తలుపు దగ్గర నిలబడి రెండు ముక్కల్లో చెప్పే జవాబు కాదది. అందుకే ఇక్కడ తీరిగ్గా చెబుతాను.

గుండె కండరానికి రక్తం అందించే నాళాల్లో పూడిక ఎక్కడుంది, ఎంతుంది అని తెలియాలంటే ఒక సన్నని గొట్టాన్ని ఆ నాళాల మొదలు దాకా పంపాలి. దాన్నే క్యాథెటర్ అంటాం. అందులో నుంచి రంగుమందు వదిలి ఎక్స్‌రే తెర మీద చూస్తాం. పూడిక ఉంటే అదే దారిలో బెలూన్, స్టెంట్ పంపుతాం. ఈ గొట్టం ఒంట్లోకి పోవడానికి ముఖ్యంగా రెండు ద్వారాలున్నాయి. ఒకటి గజ్జ దగ్గర తొడ మొదట్లో ఉండే పెద్ద ధమని. రెండోది మణికట్టు దగ్గర, బొటనవేలి వైపు, నాడి పట్టి చూసే చోట కొట్టుకునే రేడియల్ ధమని.

చాలా ఏళ్లు తొడ దారే అందరికీ అలవాటైన దారి. 1989లో కెనడాలోని మాంట్రియల్‌లో లూసియెన్ కాంపో అనే వైద్యుడు వందమందికి మణికట్టు నుంచి యాంజియోగ్రామ్ చేసిన అనుభవాన్ని ప్రచురించాడు. 1992లో ఆమ్‌స్టర్‌డామ్‌లో ఫెర్డినాండ్ కీమెనే అదే దారిలో బెలూన్ చికిత్స మొదలుపెట్టి, ఆ తర్వాత స్టెంట్లూ వేశాడు. మన దేశంలో ఈ విద్యను ముందుకు నడిపినవాళ్లలో అహ్మదాబాద్‌కు చెందిన డాక్టర్ తేజస్ పటేల్ పేరు ముందు చెప్పుకోవాలి. ఆయన బృందం చూపిన ఒక ఉపాయం గురించి కాసేపట్లో చెబుతాను.

మణికట్టు దారి ఎందుకు మంచిది? అక్కడ ధమని చర్మం కిందనే, ఎముక మీదనే ఉంటుంది. వేలితో నొక్కితే రక్తం ఆగుతుంది. తొడ దగ్గరి ధమని పెద్దది, లోతుగా ఉంటుంది. అక్కడ రక్తం కారడం మొదలైతే ఒక్కోసారి కడుపు వెనక భాగంలోకి పోయి చేరుతుంది, బయటికి చుక్క కూడా కనపడదు. ఇంకో సంగతి, అరచేతికి రక్తం ఒక్క నాళం మీదనే ఆధారపడి ఉండదు. చిటికెన వేలి వైపు అల్నార్ అనే మరో ధమని ఉంటుంది. రెండూ అరచేతిలో కలుస్తాయి. అందువల్ల రేడియల్ ధమని ఎప్పుడైనా మూసుకుపోయినా చెయ్యికి సాధారణంగా ప్రమాదం ఉండదు.

ఇది అనుభవంతో చెప్పే మాట మాత్రమే కాదు, లెక్కలూ ఉన్నాయి. 2011లో వచ్చిన రైవల్ అనే అధ్యయనంలో 32 దేశాల నుంచి 7,021 మంది పేషెంట్లు ఉన్నారు. నాళాలకు సంబంధించిన పెద్ద సమస్యలు తొడ దారిలో నూటికి 3.7 మందికి వస్తే, చేతి దారిలో 1.4 మందికే వచ్చాయి. 2015లో మ్యాట్రిక్స్ అనే మరో అధ్యయనం 8,404 మందిని చూసింది. చేతి దారిలో రక్తస్రావమూ మరణాలూ రెండూ తగ్గాయని అది చెప్పింది. ఆ ఏడాదే యూరప్ గుండె వైద్యుల సంఘం, 2021లో అమెరికా సంఘాలు చేతి దారికే మొదటి స్థానం ఇచ్చాయి.

మన మూడు జిల్లాల వాళ్లకు ఈ విషయం ఇంకొంచెం ఎక్కువ వర్తిస్తుంది. ఎందుకో వినండి. మహబూబాబాద్‌లో 2022లో, జనగామలో, భూపాలపల్లిలో 2023లో ప్రభుత్వ మెడికల్ కాలేజీలు వచ్చాయి. వైద్యం దగ్గరైంది, సంతోషం. కానీ గుండె నాళాలకు స్టెంట్ వేయించుకోవాలంటే మనవాళ్లు ఎక్కువగా వరంగల్‌కో హైదరాబాద్‌కో పోవాల్సిందే. మహాదేవపూర్ అవతల ఊరి నుంచో, గూడూరు దగ్గరి తండా నుంచో గుండెపోటు వచ్చిన మనిషి రెండు గంటల్లోపల క్యాథ్ ల్యాబ్ బల్ల మీదికి చేరడం కష్టం. అట్లాంటప్పుడు దగ్గరి ఆస్పత్రిలోనే నాళంలోని రక్తపు గడ్డను కరిగించే ఇంజెక్షన్ ఇచ్చి, ఆ తర్వాత పెద్ద ఆస్పత్రికి పంపుతారు. అదే సరైన పద్ధతి. ఇంజెక్షన్ పనిచేస్తే 2 నుంచి 24 గంటల లోపల యాంజియోగ్రామ్ చేస్తాం. పనిచేయకపోతే వెంటనే చేస్తాం.

అంటే మా దగ్గరికి వచ్చేసరికి ఆ మనిషి ఒంట్లో గడ్డ కరిగించే మందు ఉంటుంది. ఆస్పిరిన్, క్లోపిడోగ్రెల్, హెపారిన్ కూడా ఉంటాయి. రక్తం గడ్డకట్టే గుణం బాగా తగ్గి ఉంటుంది. అట్లాంటి స్థితిలో తొడ దగ్గర రంధ్రం చేయడం కంటే మణికట్టు దగ్గర చేయడం ఎంతో క్షేమం. క్యాథ్ ల్యాబ్‌కు ఎంత దూరంలో ఉంటే చేతి దారి విలువ అంత పెరుగుతుంది. అందుకే ఆ దారిలో మెలిక ఎదురైనా, వెంటనే వదిలేయకుండా దాటడానికి ఓపికగా ప్రయత్నించాలి.

ఇక మెలికల సంగతి. రేడియల్ ధమని లోపలి వెడల్పు మామూలుగా రెండు నుంచి మూడు మిల్లీమీటర్లు. మేము ఎక్కువగా వాడే 6 ఫ్రెంచ్ సైజు క్యాథెటర్ లావు రెండు మిల్లీమీటర్లు. అంటే సందు ఎంత తక్కువో మీకు తెలుస్తూనే ఉంది. దానికి తోడు నాళాల అమరిక అందరికీ ఒకే తీరుగా ఉండదు. బ్రిటన్‌లో 1,540 మందికి చేతి నాళాలను రంగుమందుతో పరీక్షించి 2009లో ఫలితాలు ప్రచురించారు. నూటికి దాదాపు 14 మందిలో ఏదో ఒక తేడా కనిపించింది. అందులో నూటికి ఏడుగురికి రేడియల్ ధమని మోచేతి దగ్గర మొదలుకావాల్సింది పోయి, పైన జబ్బలోనే విడిపోయి సన్నగా కిందికి వచ్చింది. నూటికి ఇద్దరికి నాళం విపరీతంగా వంకర్లు తిరిగి ఉంది. ఇంకో 2.3 మందికి మోచేతి దగ్గర గుండ్రంగా ఒక పూర్తి చుట్టు తిరిగి ఉంది. మామూలు నాళాలున్నవాళ్లలో చేతి దారి విఫలమైంది నూటికి ఒక్కరికంటే తక్కువ. చుట్టు ఉన్నవాళ్లలో మాత్రం నూటికి 37 మందికి విఫలమైంది.

ఈ తేడాలు పుట్టుకతో వచ్చేవి కొన్ని, వయసుతో వచ్చేవి కొన్ని. చుట్టు తిరగడమూ, పైనుంచి విడిపోవడమూ పుట్టుకతో వచ్చేవే. వీటివల్ల చెయ్యికి ఏ ఇబ్బందీ ఉండదు. అరవై ఏళ్లు నాగలి పట్టినా, బొగ్గు బాయిలో పని చేసినా ఆ మనిషికి తన చేతిలో అట్లాంటి చుట్టు ఉందని తెలియదు. భుజం దగ్గరి వంకర్లు మాత్రం వయసుతో పెరుగుతాయి. ఏళ్ల తరబడి బీపీ ఉన్నవాళ్లలో, పొట్టిగా ఉన్నవాళ్లలో, పెద్దవయసు ఆడవాళ్లలో అవి ఎక్కువ. ఇక నూటికి ఒక్కరికి కూడా ఉండని మరో తేడా ఉంది. కుడి చేతికి వచ్చే పెద్ద నాళం బృహద్ధమని మీద తన చోట కాకుండా అన్నిటికన్నా చివర పుట్టి, అన్నవాహిక వెనక నుంచి తిరిగి వస్తుంది. అట్లాంటివాళ్లలో క్యాథెటర్‌కు దారి చూపే తీగ గుండె వైపు పోకుండా మాటిమాటికి కడుపు వైపు దిగిపోతుంది.

ఇవన్నీ సరే, దాటేది ఎట్లా? మొదటి సూత్రం: తోయకూడదు. తీగ ఎక్కడో తట్టుకుందని చేతికి తెలిసిన క్షణం ఆగాలి. షీత్ అనే పొట్టి గొట్టంలో నుంచి కాస్త రంగుమందు, నీళ్లు కలిపి వదిలితే నాళం ఆకారం తెర మీద కనిపిస్తుంది. రెండు నిమిషాల పని. ఆ రెండు నిమిషాలు తీసుకోనప్పుడే అనర్థాలు జరుగుతాయి. ఎందుకంటే మోచేతి చుట్టు పైభాగం నుంచి చాలా సన్నని కొమ్మ ఒకటి పైకి పోతుంటుంది. మామూలు తీగ చుట్టు తిరగకుండా నేరుగా ఆ కొమ్మలోకి పోతుంది. చూడకుండా తోస్తే ఆ కొమ్మ చిరుగుతుంది, ముంజేతి లోపల రక్తం కారుతుంది.

చుట్టు ఉందని తెలిసినాక పద్ధతి మారుతుంది. మామూలు తీగ తీసేసి, గుండె నాళాల్లో వాడే 0.014 అంగుళాల మెత్తటి తీగను తీసుకుంటాం. తెర మీద చూస్తూ దాన్ని వేళ్ల మధ్య తిప్పుతూ చుట్టు మొత్తం తిప్పి, పై నాళంలోకి, జబ్బ దాకా పంపుతాం. దాని వెంట సన్నని క్యాథెటర్ చుట్టు దాటుతుంది. ఇప్పుడు ముందుకు తోయం. తీగనూ క్యాథెటర్‌నూ కలిపి కొంచెం తిప్పుతూ మెల్లగా వెనక్కి లాగుతాం. ఆ చుట్టు విచ్చుకుని, నాళం తిన్నగా అవుతుంది. అప్పుడు పేషెంటుకు మోచేతి లోపల ఏదో గుంజినట్టు అనిపిస్తుంది. ముందే చెప్పి ఉంచితే భయపడరు. తెర మీద గుండ్రంగా ఉన్న నాళం కళ్లముందే గీతలా మారడం చూసినప్పుడు ఆ గదిలో అందరం ఒక్కసారి ఊపిరి పీల్చుకుంటాం.

తీగ దాటినా ఒక్కోసారి క్యాథెటర్ దాటదు. సన్నని తీగ మీద లావు గొట్టం పోతున్నప్పుడు దాని మూతి అంచు వంపులో గోడకు తగులుతుంది. అక్కడ బలవంతం చేస్తే నాళం లోపలి పొర గీసుకుపోతుంది. తేజస్ పటేల్ బృందం ప్రచారంలోకి తెచ్చిన ఉపాయం దీనికే. రెండు మిల్లీమీటర్ల చిన్న బెలూన్‌ను క్యాథెటర్ మూతిలో సగం లోపల, సగం బయట ఉండేట్టు పెట్టి, తక్కువ ఒత్తిడితో ఉబ్బిస్తారు. గొట్టం అంచు బెలూన్ వెనక దాగిపోతుంది, ముందుభాగం నున్నగా గుండ్రంగా మారుతుంది. ఇంట్లో లంగాకు బొందు ఎక్కించేటప్పుడు పిన్నీసు మొన బయటికి ఉంటే కుట్టుకు తగులుతుంది, మూసి ఎక్కిస్తే జారిపోతుంది. ఇదీ అంతే. తీగ, బెలూన్, క్యాథెటర్ మూడూ ఒక్కటిగా కదిలి, ఇరుకైన వంపుల్లో నుంచి నొప్పి లేకుండా పైకి పోతాయి. స్టెంట్ వేయడానికి వాడే సామానే ఇది. కొత్త యంత్రం ఏదీ అక్కర్లేదు. అందుకే పెద్ద నగరాల ఆస్పత్రుల్లోనే కాక, వరంగల్‌ లాంటి చోట్ల కూడా ఈ ఉపాయం చేతికి అందుతుంది.

భుజం దగ్గరి వంకర్లకు మందు పేషెంటు దగ్గరే ఉంది. ఊపిరి! తీగ మెడ కింద వంపులో ఆగిపోయినప్పుడు, "పెద్దమ్మా, గట్టిగా శ్వాస తీసుకో, అట్లనే పట్టు" అంటాం. ఊపిరి నిండా పీల్చినప్పుడు గుండె, దాని పైనున్న పెద్ద నాళం కాస్త కిందికి దిగుతాయి. వంపు సాగి తిన్నగా అవుతుంది. అదే క్షణంలో తీగ గుండె వైపు జారుతుంది. ఈ చికిత్సలో పేషెంటు పూర్తి మత్తులో పడుకుని ఉండడు, మెలకువగా ఉండి సాయం చేస్తాడు. మేము చెప్పినప్పుడు ఊపిరి పట్టడం చిన్న పనిలా కనిపించవచ్చు, కానీ ఎన్నోసార్లు దారి తెరిచింది అదే.

ఇంకో అడ్డంకి నాళం ముడుచుకుపోవడం. రేడియల్ ధమని గోడలో కండరం మందంగా ఉంటుంది. భయపడినా, నొప్పి పుట్టినా, చలి వేసినా అది బిగుసుకుని క్యాథెటర్‌ను పట్టేస్తుంది. పైనుంచి విడిపోయిన సన్న నాళాల్లో ఇది మరీ ఎక్కువ. దీనికి ముందే నాళంలోకి నైట్రోగ్లిజరిన్, వెరాపమిల్ లాంటి మందులు ఇస్తాం. అవసరమైతే కాస్త మత్తు ఇస్తాం, ఇంకా సన్నటి 5 ఫ్రెంచ్ క్యాథెటర్‌కు మారతాం. అన్నిటికంటే ముందు ధైర్యం చెబుతాం. అల్ట్రాసౌండ్‌తో నాళాన్ని ముందే చూసి, దాని వెడల్పు కొలిచి, ఒకే పోటుకు సూది పడేట్టు చేయడమూ దీనికి మంచి మందే.

ఇప్పుడు మొదటి ప్రశ్నకు వద్దాం. ఇన్ని ఉపాయాలుండగా తొడ దారికి ఎందుకు మారతారు? కొన్ని చుట్లు విచ్చుకోవు. కొన్ని నాళాలు మరీ సన్నం. పేషెంటుకు నొప్పి ఆగకపోతే, ఇంకా ప్రయత్నిస్తే చెయ్యికి హాని జరుగుతుంది. అన్నిటికంటే పెద్ద కారణం సమయం. గుండెపోటు నడుస్తున్నప్పుడు నిమిషనిమిషానికీ గుండె కండరం చచ్చిపోతుంటుంది. అట్లాంటప్పుడు మోచేతి చుట్టుతో ఇరవై నిమిషాలు కుస్తీ పట్టడం తప్పు. ఎడమ మణికట్టు చూడాలి, లేదా తొడకు మారాలి. ఎడమ చేతి నాళం బృహద్ధమని నుంచి నేరుగా పుడుతుంది, భుజం దగ్గర వంకర్లు తక్కువ. కుడి చేతిలో చుట్టు ఉన్నంత మాత్రాన ఎడమ చేతిలోనూ ఉండాలని లేదు. పైన చెప్పిన రైవల్ అధ్యయనంలో కూడా చేతి నుంచి మొదలుపెట్టినవాళ్లలో నూటికి 7.6 మందికి దారి మార్చాల్సి వచ్చింది. అక్కడ పనిచేసినవాళ్లు చేయి తిరిగిన వైద్యులే. కాబట్టి దారి మార్చడాన్ని వైద్యుడి ఓటమిగా చూడొద్దు. ఎక్కడ ఆపాలో తెలిసినవాడే ఈ పనిలో నేర్పరి.

చికిత్స అయినాక మణికట్టుకు గాలి నింపిన పట్టీ కడతాం. రక్తం కారకూడదు, అట్లాగని నాళం పూర్తిగా మూసుకుపోయేంత బిగుతుగానూ ఉండకూడదు. కొన్ని గంటల్లో గాలి కొంచెం కొంచెం తీసి విప్పుతాం. తొడ నుంచి చేస్తే కాలు కదపకుండా గంటల తరబడి వెల్లకిలా పడుకోవాలి. చేతి నుంచి చేస్తే లేచి కూర్చోవచ్చు, తినవచ్చు, మూత్రానికి లేచి పోవచ్చు. నడుము నొప్పి ఉన్న ముసలివాళ్లకు ఇది ఎంత ఊరటో చెప్పలేను. ఇంటికి పోయినాక కొన్ని రోజులు ఆ చేత్తో వడ్ల బస్తా, నీళ్ల బిందె ఎత్తొద్దు, చేదబావి తాడు లాగొద్దు. రక్తం కారితే ఆ చోట గట్టిగా నొక్కి పట్టి ఆస్పత్రికి రండి. ముంజేయి ఉబ్బి గట్టిపడినా, వేళ్లు చల్లబడినా, తిమ్మిరెక్కినా తెల్లారేదాకా ఆగొద్దు.

చివరగా మీకు కొన్ని మనవులు.

చేతి నుంచి చేస్తున్నప్పుడు నొప్పి పుడితే ఓర్చుకోకండి. మన ఊళ్లలో పెద్దవాళ్లు డాక్టరు ఏమనుకుంటాడో అని పళ్ల బిగువున భరిస్తారు. వద్దు. మీ నొప్పే మాకు హెచ్చరిక. నొప్పి అనగానే ఆగి చూస్తాం.

కిడ్నీ జబ్బు ఉన్నవాళ్లు, డయాలసిస్‌లో ఉన్నవాళ్లు ఆ సంగతి ముందే చెప్పండి. డయాలసిస్ కోసం చేసే ఫిస్టులాకు మణికట్టు నాళమే కావాలి. దాన్ని కాపాడాలంటే దారి వేరేది ఎంచుకుంటాం. గతంలో బైపాస్ ఆపరేషన్ అయినవాళ్లూ ఆ కాగితాలు తేవాలి. తండాల నుంచి వచ్చే అక్కచెల్లెళ్లు, అమ్మలు భుజం దాకా గాజులు వేసుకుని ఉంటారు. అవి తీయడం ఇష్టం లేకపోయినా, సాధ్యం కాకపోయినా ముందే చెప్పండి. ఏ చెయ్యి వీలో కలిసి చూసుకుందాం.

డిశ్చార్జ్ అయ్యేటప్పుడు ఒక్క మాట అడగండి: "ఏ చేతి నుంచి చేసిండ్రు, దారిలో ఏమన్న మెలిక ఉన్నదా?" అని. ఉంటే అది కాగితం మీద రాయించుకోండి. ఆ కాగితాన్ని యాంజియోగ్రామ్ సీడీతో పాటు భద్రపరచండి. రెండోసారి గుండెపోటు అర్ధరాత్రి వస్తే, కొత్త ఆస్పత్రిలో కొత్త డాక్టరు ముందు మీరుంటే, "కుడి మోచేతి దగ్గర చుట్టు ఉంది, ఎడమ చేతి నుంచి సులువుగా అయింది" అన్న ఆ ఒక్క వాక్యం ఎన్నో నిమిషాలు మిగులుస్తుంది. నా తోటి వైద్యులకూ ఇదే విన్నపం. నాళంలో చూసిన తేడానూ దాటిన పద్ధతినీ రిపోర్టులో తప్పకుండా రాయండి.

ఛాతీలో బరువుగా ఉండి, చెమటలు పట్టి, నొప్పి ఎడమ చేతికో దవడకో పాకితే గ్యాస్ అనుకుని ఇంట్లో కూర్చోకండి. 108కు ఫోన్ చేయండి, దగ్గరి ఆస్పత్రిలో ఈసీజీ తీయించుకోండి. నాళంలో మెలికలు దాటే బాధ్యత మాది. ఆలస్యం చేయకుండా వచ్చే బాధ్యత మీది.